సెకండ్‌హ్యాండ్ కారులో సిగరెట్ ఆనవాళ్లు

చిరంజీవికి ఆశీస్సులు.

నువ్వు చూసిన కారులో ఎవరూ సిగరెట్ తాగలేదని అమ్మే మనిషి గట్టిగా చెబుతున్నాడని రాశావు. ఇంట్లో పాకే వయసు పాప ఉంది కాబట్టి ఆ మాట మీద ఊరుకోవద్దు. పొగలోని నికోటిన్, తారు సీట్లకూ ప్లాస్టిక్‌కూ పట్టుకొని నెలల తరబడి ఉండిపోతాయి. పసిపిల్లలు అందినదల్లా తాకి ఆ చేతులే నోట్లో పెట్టుకుంటారు గనుక వాళ్ల గురించే నా భయం.

కారును అద్దాలు మూసి ఎండలో ఉంచమనీ, లోపల పర్ఫ్యూమ్ కొట్టవద్దనీ ముందే చెప్పు. తలుపు తీసిన మొదటి క్షణంలో వచ్చే వాసనే అసలైనది; కాసేపు కూర్చుంటే ముక్కు అలవాటు పడిపోయి, ఆ తర్వాత ఎంత పీల్చినా ఏమీ తెలియదు. వద్దన్నా ఘాటైన సెంటు వాసన వస్తే అనుమానించాల్సిందే.

వాసన కన్నా నేను నమ్మేది తడి గుడ్డను. శుభ్రమైన తెల్ల గుడ్డను తడిపి, ముందు అద్దానికి లోపలి వైపు, డాష్‌బోర్డును ఆనుకొని చెయ్యి సరిగా దూరని కింది అంచున గట్టిగా తుడిచి చూడు. మామూలు దుమ్మయితే బూడిద రంగులో వస్తుంది. పొగ జిడ్డయితే పసుపు కలిసిన గోధుమ రంగులో జిగటగా అంటుకుంటుంది. తర్వాత డ్రైవర్ సీటు బెల్టును చివరిదాకా లాగి, ఎప్పుడూ లోపల చుట్టుకొని ఉండే భాగాన్ని వాసన చూడు. కారు కడిగేవాళ్లు పైకి కనిపించినంత మేరే తుడుస్తారు. సన్ వైజర్ దించి, దాని వెనక దాగి ఉన్న రూఫ్ గుడ్డ రంగును డ్రైవర్ తలకు పైన ఉన్న గుడ్డ రంగుతో పోల్చు; తేడా కనిపిస్తే ఇక వేరే సాక్ష్యం అక్కర్లేదు.

వెనక సీటును కూడా వదలవద్దు. ముందు కిటికీలోంచి విదిలించిన నిప్పురవ్వలు గాలికి తిరిగి అక్కడే పడతాయి. అంచులు కరిగి గట్టిపడిన చిన్న గుండ్రటి చిల్లులుంటే అవి సిగరెట్‌వే. కొత్త కార్లలో చాలావాటికి యాష్‌ట్రే ఉండనే ఉండదు, అది లేదని ధైర్యపడకు.

ఏసీ వేసినప్పుడు మాత్రమే కొద్దిగా వాసన వస్తుంటే, చాలా కార్లలో గ్లవ్ బాక్స్ వెనక ఉండే క్యాబిన్ ఫిల్టర్ (లోపలికి వచ్చే గాలిని వడకట్టేది) మార్పించి ఏసీని శుభ్రం చేయించే షరతు మీద బేరమాడవచ్చు. రూఫ్ గుడ్డ పసుపెక్కి ఉంటే మాత్రం ధర ఎంత తగ్గించినా ఆ బండి వద్దు, మరొకటి చూడు.

నీ పెదనాన్న