పాలు తాగుతుంటే చెమటలు పట్టే పాప: మీ ప్రశ్నలకి పిల్లల డాక్టర్ జవాబులు

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో చంటిపిల్లల గుండె గురించినవి మూడు ఉన్నాయి, మూడూ ఒకచోటే వేస్తున్నాం. మొదటిదానికి జవాబు పొడుగ్గా ఉంటుంది, ఎందుకంటే ఆల్కాపా అనే ఈ గుండె జబ్బు పేరు చాలామంది వినే ఉండరు.

ప్రశ్న: డాక్టర్ గారూ నమస్తే అండి. మాది మలికిపురం దగ్గర పల్లెటూరు. మా పాపకి మూడో నెల నడుస్తోంది. పుట్టినప్పుడు మూడు కేజీలు ఉంది, నెలన్నర దాకా బాగానే ఉండేది. తర్వాత రొమ్ము పట్టుకుని నాలుగు గుక్కలు తాగడం, వదిలేసి గుక్కపెట్టి ఏడవడం, నుదురంతా చెమట, మొహం తెల్లగా పాలిపోయి కాసేపు నీరసంగా పడుకోవడం, మళ్లీ ఆకలేసి ఏడవడం, ఇదే వరస. మా అత్తగారు పాలు అరగట్లేదని గ్రైప్ వాటర్ పట్టారు, ఊళ్లో పక్షిదోషం అంటే తాయెత్తు కూడా కట్టించాం. ఆయాసం వచ్చి డొక్కలెగరేస్తుంటే ఆసుపత్రిలో నిమ్ము అని ఇంజెక్షన్లు చేశారు. ఎక్స్‌రేలో గుండె పెద్దదిగా ఉందని ఎకో, అంటే గుండె స్కాన్, తీయిస్తే గుండె కండరం వీక్ అన్నారు. ఆ తర్వాత కాకినాడలో ఇంకో డాక్టర్ గారు మళ్లీ ఎకో తీసి ఇది ఆల్కాపా, ఆపరేషన్ చెయ్యాలి అన్నారు. మా ఆయన కువైట్లో ఉంటారు, సంక్రాంతికి వస్తారు. పాప ఇంకా నాలుగు కేజీలే, కాస్త బరువు పెరిగాక చూద్దాం అంటున్నారు మావాళ్లు. మాది మేనరికం, పైగా కడుపుతో ఉన్నప్పుడు గ్రహణం రోజు నేను కూరగాయలు కోశాను, దానివల్లేనా? అసలు ఈ జబ్బేంటో నాకు అర్థమయ్యేలా చెప్పండి.

జవాబు: అమ్మా, ముందు ఆపరేషన్ సంగతి చెప్తాను, మిగతాది తర్వాత. సంక్రాంతి దాకా ఆగొద్దు. బరువు పెరిగేదాకా కూడా ఆగొద్దు. ఈ జబ్బులో పాప బరువు పెరగకపోవడానికి కారణమే ఆ గుండె, అది బాగుపడకుండా బరువు ఎక్కడినుంచి వస్తుంది చెప్పండి. సంతకానికి తల్లి చాలు, తండ్రి ఊళ్లో ఉండాల్సిన పని లేదు. మీ ఆయన్ని వీడియో కాల్లో కూర్చోబెట్టి డాక్టర్ గారితో మాట్లాడించండి, ఆయన మనసు కూడా కుదుటపడుతుంది.

ఇప్పుడు జబ్బేంటో చెప్తాను. మన గుండె ఒళ్లంతటికీ రక్తం పంపిస్తుంది కదా, ఆ గుండె కండరానికి కూడా రక్తం కావాలి, దానికోసం కుడి కరోనరీ, ఎడమ కరోనరీ అని రెండు సన్నటి నాళాలు ఉంటాయి. రెండూ అయోర్టా అనే పెద్ద ధమని మొదట్లోంచి రావాలి, అందులో ఆక్సిజన్ నిండుగా ఉన్న మంచి రక్తం, మంచి ప్రెషర్ ఉంటుంది. మీ పాపకి ఎడమ కరోనరీ అక్కడ కాకుండా ఊపిరితిత్తులకి చెడు రక్తం తీసుకెళ్లే పల్మనరీ నాళంలోంచి పుట్టింది. ఆల్కాపా అంటే ఇంతే. సుమారు మూడు లక్షల మంది పిల్లల్లో ఒకరికి వస్తుందని పుస్తకాల్లో ఉంటుంది.

మీది కోనసీమ కాబట్టి కాలువల్లో పెట్టి చెప్తాను. గన్నవరం అక్విడక్టు దాటి మీ వైపు వచ్చే పంటకాలువలోంచి మీ చేనుకి బోదె తవ్వాలి, కానీ ఆ బోదె మూతి పొరపాటున మురుగు డ్రెయిన్లో పెట్టారనుకోండి. డ్రెయిన్ నిండుగా ఉన్నన్నాళ్లు నీళ్లు చేలోకి ఎక్కుతూనే ఉంటాయి, మంచి నీళ్లు కాకపోయినా చేను తడిసే ఉంటుంది, ఎవరికీ అనుమానం రాదు. డ్రెయిన్లో మట్టం పడిపోయిందా, ఎక్కే నీళ్లు ఆగిపోతాయి, అంతటితో అయిపోదు, పక్క చేలోంచి ఊరి వచ్చిన నీళ్లు కూడా ఆ బోదె గుండా వెనక్కి డ్రెయిన్లోకి పోతాయి. పుట్టగానే బిడ్డ ఊపిరితిత్తుల నాళంలో ప్రెషర్ ఎక్కువ ఉంటుంది, అందుకే మీ పాప మొదట్లో బాగుంది. నెల, రెండు నెలల్లో ఆ ప్రెషర్ పిల్లలందరికీ తగ్గుతుంది, తగ్గాలి కూడా. మీ పాపకి మాత్రం అది తగ్గేసరికి ఎడమ వైపు కండరానికి రక్తం అందడం మానేసింది, కుడి కరోనరీ పాపం చిన్న చిన్న దారుల్లో సాయంగా పంపే రక్తం కూడా వెనక్కి పల్మనరీ నాళంలోకి పోతోంది.

పాలు తాగుతూ ఏడవడం ఎందుకంటారా? మూడు నెలల బిడ్డకి ఒళ్లు అలిసే పని అదొక్కటేనండి. గుండె గట్టిగా కొట్టుకోవాలి, కండరానికి రక్తం లేదు, నొప్పి వస్తుంది, నోరు లేని బిడ్డ కాబట్టి వదిలేసి ఏడుస్తుంది. 1933లో అమెరికాలో బ్లాండ్, వైట్, గార్లాండ్ అనే ముగ్గురు డాక్టర్లు ఇలాంటి చంటిబిడ్డ గురించే రాశారు, పాలు తాగేటప్పుడు వచ్చే ఆ బాధ గుండెనొప్పే అయ్యుంటుందని వాళ్లకి అప్పుడే అనిపించింది. కాబట్టి పాప మారాం చెయ్యలేదమ్మా, మీ పాలల్లో లోపమూ లేదు.

మీరు తిరిగిన ఆసుపత్రుల మీద కోపం రావడం సహజమే, కానీ ఈ జబ్బు అచ్చం నిమ్ములాగా, కడుపునొప్పిలాగా కనిపిస్తుంది. ఇంకో తిరకాసు ఏంటంటే పాప నీలంగా మారదు, వేలికి పెట్టే ఆక్సిజన్ మెషిన్లో రీడింగ్ మామూలుగానే వస్తుంది. ఎకోలో కూడా గుండె ఉబ్బి, సరిగ్గా ముడుచుకోకుండా, ఎడమ వైపు రెండు గదుల మధ్య ఉండే మైట్రల్ వాల్వ్ లీక్ అవుతూ కనిపిస్తుంది, దాంతో కండరం జబ్బు అని రాసేస్తారు. అందుకే ఇది చదివే అమ్మానాన్నలందరికీ గట్టిగా చెప్తున్నాను, చంటిబిడ్డకి గుండె కండరం వీక్ అని ఎవరైనా రాసిస్తే ఒక్క మాట అడగండి, "ఎడమ కరోనరీ ఎక్కడినుంచి వస్తుందో చూశారా అండీ?" అని. అడిగితే తప్పేం లేదు, డాక్టర్లు ఏమీ అనుకోరు. మామూలు ఈసీజీలోనే ఒకటో లీడ్‌లో, ఏవీఎల్ లీడ్‌లో లోతుగా కిందికి దిగే క్యూ వేవ్‌లు ఉంటే అనుమానం మొదలవ్వాలి, కలర్ డాప్లర్ ఎకోలో ఆ నాళంలో రక్తం వెనక్కి పోతున్నట్టు కనిపిస్తుంది, అయినా తేలకపోతే రక్తనాళాలు కనిపించేలా తీసే సీటీ యాంజియో స్కాన్ తీస్తారు. నిజమైన కండరం జబ్బుకి చాలాసార్లు మందులే గతి, దీనికి మాత్రం ఆపరేషన్ ఉంది, తేడా అంతా అక్కడే.

ఆపరేషన్లో గుండెని కాసేపు ఆపి, హార్ట్ లంగ్ మెషిన్ మీద పెట్టి, ఆ ఎడమ కరోనరీ మొదలుని చుట్టూ కాస్త గోడతో సహా కత్తిరించి తీసుకెళ్లి అయోర్టాకి కుడతారు. పెద్ద ఆపరేషనే, చిన్నదని చెప్పి మిమ్మల్ని మభ్యపెట్టను. గుండె బాగా దెబ్బతిని ఉన్న పిల్లలకి ఆపరేషన్ అయ్యాక మొదటి రోజులు కష్టంగా ఉంటాయి, వెంటిలేటర్ ఉంటుంది, కొంతమందికి గుండె, ఊపిరితిత్తుల పని కొన్నాళ్లు బయటినుంచి చేసే ఎక్మో మెషిన్ కూడా అవసరపడుతుంది. ఆపరేషన్ చెయ్యకుండా వదిలేస్తే పది మందిలో తొమ్మిది మంది దాకా మొదటి ఏడాది దాటరు, ఈ మాట రాయడానికి నాకూ కష్టంగానే ఉంది కానీ మీ ఇంట్లో ఆగుదాం అనేవాళ్లకి ఇది తెలియాలి. మంచి మాట కూడా ఉంది. రక్తం అందక సోలిపోయిన కండరం అంతా చచ్చిపోయినట్టు కాదు, చాలాభాగం రక్తం కోసం ఎదురుచూస్తూ ఉంటుంది, అందిన కొన్ని నెలల్లో, ఏడాదిలోపు చాలామంది పిల్లల్లో పంపింగ్ మామూలుకి దగ్గరగా వచ్చేస్తుంది, వాల్వ్ లీకు కూడా తగ్గుతుంది. చిన్నపిల్లల గుండె కోలుకున్నంతగా పెద్దవాళ్ల గుండె కోలుకోదు.

గ్రహణం గురించి అడిగారు. దానికీ దీనికీ ఏ సంబంధం లేదు, కూరగాయలు కోసినా కొయ్యకపోయినా ఇదే జరిగేది. గర్భంలో మొదటి రెండు నెలల్లో గుండె తయారయ్యేటప్పుడు ఆ చిన్న నాళం వేరేచోట అతుక్కుంది, అప్పటికి కొంతమందికి కడుపుతో ఉన్నట్టు కూడా గట్టిగా తెలిసి ఉండదు. మేనరికంలో మొత్తం మీద పుట్టుకతో వచ్చే లోపాలు కాస్త ఎక్కువే, ఆ మాట నిజం, కానీ ఆల్కాపా సాధారణంగా వంశంలో వచ్చే జబ్బు కాదు. మీ అత్తగారు ఏమన్నా అంటే ఈ పేజీ చూపించండి.

డబ్బు సంగతి. ఎన్టీఆర్ వైద్య సేవ, అదే ఇదివరకు ఆరోగ్యశ్రీ అనేవాళ్లం, దాంట్లో పిల్లల గుండె ఆపరేషన్లు ఉన్నాయి. కార్డులో పాప పేరు ఎక్కలేదని ఆగిపోకండి, మీ కార్డూ బర్త్ సర్టిఫికెట్టూ పట్టుకెళ్లి ఆసుపత్రిలో ఆ స్కీమ్ డెస్క్ దగ్గర అడగండి. తిరుపతిలో టీటీడీ వాళ్లు 2021లో పెట్టిన శ్రీ పద్మావతి చిన్నపిల్లల హృదయాలయం ఉంది, విజయవాడ, విశాఖ, హైదరాబాదుల్లోనూ చేస్తారు. ఎక్కడికి వెళ్లినా ఒకటే అడగండి, ఇంత చిన్నపిల్లలకి కరోనరీ మార్చే ఆపరేషన్ మీ దగ్గర చేస్తుంటారా అని. మీ ఆశా కార్యకర్తకి కూడా చెప్పండి, ఆర్‌బీఎస్‌కే అనే ప్రభుత్వ పిల్లల ఆరోగ్య పథకం కింద పిల్లల్ని పెద్దాసుపత్రికి పంపే పద్ధతి ఉంది.

బయల్దేరేదాకా ఇచ్చిన మందులు ఒక్క పూట కూడా మానొద్దు. రొమ్ము పట్టి తాగడానికి అలిసిపోతుంటే పాలు పిండి ఉగ్గుగిన్నెతో కొంచెం కొంచెంగా, ఎక్కువసార్లు పట్టండి, బాగా ఏడిపించకుండా చూసుకోండి. ఒళ్లు చల్లబడి, తెల్లగా పాలిపోయి, పాలకి కూడా లేవకపోతే 108కి ఫోన్ చెయ్యండి, తెల్లారేదాకా చూడొద్దు.

ప్రశ్న: మాది పాలకొల్లు. మా మనవడికి గుండెలో చిన్న హోల్ ఉంది, దానంతట అదే పూడిపోతుంది, ఆర్నెల్లకి రమ్మన్నారు. వాళ్ల మాట మీద ఆగొచ్చా, మనం తొందరపడాలా?

జవాబు: ఆగొచ్చండి, బాబు బాగా తాగుతూ బరువు పెరుగుతుంటే. రెండు కింది గదుల మధ్య గోడలో, ముఖ్యంగా కండరం ఉన్న భాగంలో చిన్న రంధ్రాలు చాలావరకు మొదటి రెండు మూడేళ్లలో పూడిపోతాయి. హోల్ వేరు, పైన చెప్పిన జబ్బు వేరు, కరోనరీ తప్పుచోట పుడితే దానంతట అది సర్దుకోదు. ఆర్నెల్లు అన్నారని ఈలోపు కళ్లు మూసుకోవద్దు. పాలు తాగేటప్పుడు చెమట, ఆయాసం, మాటిమాటికీ నిమ్ము, బరువు ఆగిపోవడం, వీటిలో ఏది కనిపించినా ముందే తీసుకెళ్లండి.

ప్రశ్న: నమస్తే డాక్టర్ గారూ, మాది నరసాపురం. మా బాబుకి ఐదో నెలలో ఆల్కాపా ఆపరేషన్ అయింది, ఇప్పుడు రెండేళ్లు దాటాయి, బాగా పరిగెడుతున్నాడు. మా ఆవిడకి మళ్లీ నాలుగో నెల. అయిదో నెలలో బిడ్డ అవయవాలు చూసే టిఫా స్కాన్లో ముందే తెలుస్తుందా? బాబుకి అప్పుడు స్కాన్ నార్మల్ అనే వచ్చింది.

జవాబు: బాబు పరిగెడుతున్నాడంటే చాలా సంతోషమండి. స్కాన్ చేసినవాళ్ల తప్పు కాదు అది. అయిదో నెలలో బిడ్డ కరోనరీ మిల్లీమీటరు వెడల్పు కూడా ఉండదు, పైగా కడుపులో ఉన్నప్పుడు రెండు పెద్ద నాళాల్లోనూ ప్రెషర్ దాదాపు సమానమే కాబట్టి గుండె చక్కగా కొట్టుకుంటూ కనిపిస్తుంది. రెండో బిడ్డకీ ఇదే రావడం చాలా అరుదు. అయినా మొదటి బిడ్డకి గుండె లోపం ఉంది కాబట్టి 18 నుంచి 22 వారాల మధ్య ఫీటల్ ఎకో, అంటే కడుపులో బిడ్డ గుండెకి తీసే ఎకో, తీయించండి, మిగతా లోపాలు ఉంటే తెలుస్తాయి. పుట్టాక మొదటి నెలలోనే ఒక ఎకో తీయించి, కరోనరీలు రెండూ ఎక్కడినుంచి వస్తున్నాయో చూడమని అడగండి, పైకి ఆరోగ్యంగా కనిపిస్తున్నా సరే.

బాబుకి మాత్రం గుండె డాక్టర్ చెకప్ మానొద్దు, కుట్టినచోట నాళం ఇరుకు అవుతోందా, వాల్వ్ లీకు ఎంతుంది అని పెద్దయ్యేదాకా చూస్తూ ఉండాలి. బడిలో ఆటలు ఆడనివ్వండి, పోటీలకి పంపేముందు మాత్రం ఒకసారి అడగండి. టీకాలన్నీ వేయించారో లేదో కార్డు తీసి చూడండి, ఆపరేషన్లో రక్తం ఎక్కిస్తే తట్టు, రుబెల్లా రాకుండా వేసే ఎంఆర్ టీకా కొన్ని నెలలు వెనక్కి జరుపుతారు, అలా జరిపి తర్వాత మర్చిపోయినవాళ్లని చాలామందిని చూశాను.