అడగండి: ట్రెజరీ వదిలి కంపెనీకి వెళ్లొచ్చా?

ప్రశ్న: అమ్మా, నమస్కారం. నేను ప్రకాశం జిల్లాలో ఒక సబ్‌ట్రెజరీలో సీనియర్ అకౌంటెంటుని. 2002 ఫిబ్రవరిలో చేరాను. చీమకుర్తిలో గ్రానైట్ క్వారీలున్న ఒక కంపెనీ ఫైనాన్స్ మేనేజర్‌గా రమ్మంటోంది. జీతం ఇప్పటికి దాదాపు రెట్టింపు. వాళ్లకు రోడ్డు కాంట్రాక్టులు కూడా ఉన్నాయి. 'ఖాతాలు, బ్యాంకు పనులు, ప్రభుత్వ బిల్లుల వ్యవహారం చూసుకోవాలి' అని కాగితంలో రాశారు. అమెరికాలో కేథలీన్ బ్రౌన్ అనే ఆవిడ రాష్ట్ర ట్రెజరర్‌గా చేసి, తర్వాత పెద్ద బ్యాంకులో ఎగ్జిక్యూటివ్ అయ్యారని చదివాను. ఆవిడ వెళ్లగా లేనిది నేను వెళితే తప్పా? మా ఇంటావిడ వద్దంటోంది. మీరూ ట్రెజరీ నుంచే కంపెనీకి వెళ్లారని విని రాస్తున్నాను.
— ఒక పాఠకుడు, ఒంగోలు

జవాబు: తమ్ముడూ, ముందు ఆ అమెరికా ఆవిడ సంగతి చెబుతాను. మీరు చేసిన పోలికలోనే మెలిక ఉంది.

కేథలీన్ బ్రౌన్ కాలిఫోర్నియా ఓటర్లు ఎన్నుకున్న ట్రెజరర్. 1991 నుంచి 1995 దాకా ఆ పదవిలో ఉన్నారు. తండ్రి, అన్న ఇద్దరూ ఆ రాష్ట్రానికి గవర్నర్లుగా చేసినవాళ్లే. 1994లో తనూ గవర్నర్ పదవికి నిలబడి పీట్ విల్సన్ చేతిలో ఓడిపోయారు. ఆ తర్వాతే బ్యాంక్ ఆఫ్ అమెరికా, ఆపైన గోల్డ్‌మన్ శాక్స్. అక్కడి ట్రెజరర్ మన ఎస్టీవో (సబ్‌ట్రెజరీ అధికారి) లాంటి ఉద్యోగి కాదు. రాష్ట్రం చేతిలో ఉన్న సొమ్ము ఎక్కడ మదుపు పెట్టాలి, పాఠశాలలు కట్టడానికో రోడ్లు వేయడానికో బాండ్లు, అంటే అప్పు పత్రాలు, ఎప్పుడు అమ్మాలి, ఇవన్నీ చూస్తారు. ఆ బాండ్లు అమ్మిపెట్టేది బ్యాంకులు. కాబట్టి ట్రెజరర్‌గా చేసిన మనిషి బ్యాంకుకు పనికొస్తారు. మన దగ్గర రాష్ట్రం అప్పు తేవాలంటే ఆర్థిక శాఖ నిర్ణయిస్తుంది, రిజర్వు బ్యాంకు వేలం వేస్తుంది. బిల్లు, చలానా, పింఛను చూసుకునే మనకు ఆ పనితో సంబంధం లేదు.

అమెరికాలో కూడా ఈ రాకపోకల మీద అనుమానం లేకపోలేదు. బాండ్లు అమ్మిపెట్టే సంస్థలు అధికారుల ఎన్నికలకు విరాళమిచ్చి ఆ పని దక్కించుకుంటున్నారని 1994లో ఒక నిబంధన తెచ్చారు. అలా విరాళమిచ్చిన సంస్థ రెండేళ్లపాటు ఆ ప్రభుత్వంతో ఆ వ్యాపారం చేయకూడదు. ఈ మాట గుర్తుంచుకోండి, మళ్లీ దీని దగ్గరికే వస్తాను.

ఇక నా సంగతి. 1984లో గూడూరులో జూనియర్ అకౌంటెంటుగా చేరాను. 27 ఏళ్లు చేసి, 2011లో స్వచ్ఛంద విరమణ తీసుకుని, ముత్తుకూరు రోడ్డులో రొయ్యలు ఎగుమతి చేసే ఒక కంపెనీలో లెక్కల పెద్దగా చేరాను. రెండో నెలలోనే నా చేతి మీదుగా నష్టం జరిగింది. ఐసు సరఫరా చేసే ఆయన బిల్లుకు సరుకు దించుకున్నవాళ్ల సంతకం లేదు. ట్రెజరీలో అలవాటైన చేయి కదా, అబ్జెక్షన్ రాసి వెనక్కి పంపేశాను. మర్నాడు ఆయన బండి పంపలేదు. ఆ సాయంత్రమే అల్లూరు వైపు గుంటల నుంచి పట్టిన రొయ్యల సరుకు దిగింది. ఐసు చాలక పైవరస రొయ్య మెత్తబడింది. ముప్పై కౌంటు (కిలోకు ముప్పై రొయ్యలు తూగే) సరుకును నాసిరకం ధరకు వదులుకోవాల్సి వచ్చింది. సరుకు తెచ్చిన రైతు నా బల్ల దగ్గరికొచ్చి, "అమ్మా, రొయ్య నీ సంతకం కోసం ఆగదమ్మా" అన్నాడు. ఆ రాత్రి నాకు నిద్ర లేదు.

నేను రాసిన అబ్జెక్షన్ తప్పు కాదు. కానీ ట్రెజరీలో మనం అడిగేది ఒక్కటే: ఈ డబ్బు ఇవ్వడానికి బడ్జెట్, ఉత్తర్వు, సంతకం ఉన్నాయా? లేకపోతే బిల్లు వెనక్కి. వారం ఆలస్యమైనా ప్రభుత్వం మూతపడదు. కంపెనీలో ఇంకో ప్రశ్న కూడా తోడవుతుంది: ఈ డబ్బు ఇవాళ ఇవ్వకపోతే రేపు ఏం పోతుంది? ఈ రెండో ప్రశ్న వేసుకోవడం నేర్చుకోవడానికి నాకు ఏడాది పట్టింది. దారి మాత్రం ట్రెజరీ బుద్ధే చూపించింది. మన ఆఫీసుల్లో చిన్న ఖర్చులకు ముందే పక్కన పెట్టే సొమ్ము, ఇంప్రెస్ట్, ఉంటుంది చూడండి, అదే పెట్టించాను. ఐసుకూ డీజిలుకూ ఒక మొత్తం పక్కన ఉంచి, ఇద్దరి సంతకంతో అప్పటికప్పుడు ఇచ్చి, శనివారం లెక్క తేల్చేవాళ్లం. మళ్లీ ఐసు బండి ఆగలేదు.

ఇంకో సంగతి చెప్పడానికి ఇప్పటికీ మనసు బరువెక్కుతుంది. కంపెనీకి బ్యాంకు అప్పు నెలనెలా మనమిచ్చే స్టాక్ స్టేట్‌మెంట్, అంటే సరుకు నిల్వల లెక్క, మీద నడుస్తుంది. కోల్డ్ స్టోరేజీలో ఎంత సరుకుంటే, దాని విలువలో బ్యాంకు తన భద్రతకు మినహాయించే మార్జిన్ తీసేసి, మిగిలినంతవరకే అప్పు వాడుకోవచ్చు; దాన్నే డ్రాయింగ్ పవర్ అంటారు. ఒక నెల లేని సరుకు ఉన్నట్టు చూపమన్నారు. గూడూరులో స్ట్రాంగ్‌రూముకు రెండు తాళాలు, ఇద్దరి చేతుల్లో ఉండేవి. రెండో మనిషి రాకుండా స్టాంపుల పెట్టె తెరిచిన రోజు నా సర్వీసులో ఒక్కటి లేదు. అలాంటి చేత్తో ఆ కాగితం మీద సంతకం ఎలా పెట్టను? పెట్టనని చెప్పి ఇంటికొచ్చేశాను. మూడో రోజు వాళ్లే పిలిపించి, ఉన్న సరుకే చూపమన్నారు. పిలవకపోయినా బతికేదాన్ని. పింఛను ఉంది కదా.

అందుకే మీకు గట్టిగా చెబుతున్నా: రాజీనామా చేయొద్దు. రాజీనామా ఇస్తే చేసిన సర్వీసంతా పోతుంది. మీకు ఇరవై ఏళ్లు దాటాయి కాబట్టి మూడు నెలల నోటీసుతో స్వచ్ఛంద విరమణ అడగొచ్చు. పైగా మీరు 2004 సెప్టెంబరు 1కి ముందు చేరినవారు, పాత పింఛను మీది. ఇన్నేళ్ల సర్వీసుకు అది ఎంత వస్తుందో మీ సెక్షన్లోనే లెక్క కట్టించుకుని, ఆ కాగితం మీ ఆవిడకు చూపించండి. ఆవిడ భయం చాలావరకు అక్కడే ఉండి ఉంటుంది. ప్రైవేటు కొలువుకు మీ హోదాలో ముందస్తు అనుమతి కావాలేమో కూడా రాతపూర్వకంగా అడగండి.

ఇప్పుడు కంపెనీ మీకిచ్చిన కాగితం సంగతి. గ్రానైట్ ఖాతాలు మీరు నేర్చుకోగలరు. బ్లాకుల కొలతలు, సీనరేజి (తవ్విన రాయి మీద ప్రభుత్వానికి కట్టే రుసుము), ఎగుమతి డబ్బు ఎన్నాళ్లకు వస్తుంది, ఇవన్నీ ఆరు నెలల పని. నన్ను కలవరపెట్టింది 'ప్రభుత్వ బిల్లుల వ్యవహారం' అన్న మాట. రోడ్డు పనుల బిల్లులు తేలేది పే అండ్ అకౌంట్స్ ఆఫీసులో అని మీకు తెలుసు. అయినా ట్రెజరీ మనిషిని ఎందుకు కోరుకుంటున్నారు? అన్ని ఆఫీసుల్లో మీకు తెలిసినవాళ్లుంటారని, బిల్లు ముందుకు జరిపిస్తారని వాళ్ల ఆశ కావచ్చు. అదే నిజమైతే వాళ్లు రెట్టింపు ఇస్తున్నది మీ లెక్కలకు కాదు, నిన్నటిదాకా మీ పక్క బల్ల మీద పనిచేసినవాళ్ల మొహమాటానికి. అమెరికాలో నిబంధన పెట్టి ఆపాలనుకున్నదీ ఇలాంటి బేరాన్నే.

వచ్చే వారం వాళ్ల దగ్గరికి వెళ్లి, ఖాతాలూ బ్యాంకు పనులూ ఉంచి ఆ ఒక్క మాట కొట్టేయమని అడగండి. జీతం తగ్గించకుండా కొట్టేస్తే నోటీసు ఇవ్వండి. తటపటాయిస్తే ఇంటికి తిరిగొచ్చేయండి. ఏమన్నారో నాకు రాయండి.