ముప్పై ఏళ్ళు పాలించిన నాయకుడు పోతే జనం నిజంగానే ఏడుస్తారా?

ప్రశ్న అడిగినవారు కింద ఇంకో మాట కూడా రాశారు: అలాంటి అంత్యక్రియలకు వచ్చేది తోలుకొచ్చిన జనమే అని. మన దగ్గర చూసినవాటిని బట్టి ఆ అనుమానం రావడం సహజం. అన్నిచోట్లా అంతే అంటే మాత్రం నేను ఒప్పుకోను. 2015 మార్చిలో లీ క్వాన్ యూ చనిపోయినప్పుడు నేను సింగపూర్‌లో ఒక నిర్మాణ సంస్థలో సూపర్‌వైజరుగా పనిచేస్తున్నాను. ఆ వారమంతా కళ్ళారా చూశాను.

ఆయన 1959 నుంచి 1990 దాకా సింగపూర్ ప్రధానమంత్రి. పదవి దిగాక కూడా 2011 వరకు మంత్రివర్గంలో ఉన్నారు. న్యుమోనియాతో ఫిబ్రవరిలో ఆసుపత్రిలో చేరి, మార్చి 23న తెల్లవారుజామున 3.18కి కన్నుమూశారు. వయసు 91. అప్పటి ప్రధాని ఆయన కొడుకే. పొద్దున్నే టీవీలో కబురు చెబుతుంటే ఆ కొడుకు గొంతు పూడుకుపోయింది. వారం రోజులు సంతాప దినాలన్నారు, జెండాలు సగానికి దించారు. సెలవు మాత్రం ఇవ్వలేదు. బడులు నడిచాయి, దుకాణాలు తెరిచే ఉన్నాయి, మా సైటులో కాంక్రీటు పని ఆగలేదు.

బుధవారం నుంచి పార్లమెంటు భవనంలో భౌతికకాయాన్ని జనం చూడడానికి ఉంచారు. మొదట రాత్రి ఎనిమిది వరకే అన్నారు. వచ్చినవాళ్ళను చూసి రాత్రంతా తెరిచి ఉంచారు, మెట్రో రైళ్ళు కూడా రాత్రంతా నడిపారు. గురువారం డ్యూటీ దిగి, నేనూ నా గదిలో ఉండే కుర్రాడూ వెళ్ళాం. పడాంగ్ మైదానం దగ్గర వరుస మొదలు. తిరుమలలో సర్వదర్శనానికి నిలబడినట్టే ఉంది, తోపులాట ఒక్కటే లేదు. ఎవరెవరో వచ్చి నీళ్ళ సీసాలు, బిస్కెట్లు చేతిలో పెట్టి వెళ్తున్నారు.

మా ముందు ఒక తమిళ పెద్దాయన ఉన్నారు. రేవులో పనిచేసి రిటైరయ్యారట. వృద్ధులకు వేరే వరుస ఉంది కదా, అటు వెళ్ళండి అంటే వినలేదు. "అందరితో పాటే వెళ్తాను తంబీ" అన్నారు. సైటులో నేర్చుకున్న తమిళంతో నేను మాట కలిపాను. చిన్నప్పుడు రేకుల పాకలో ఉండేవాళ్ళమని, వీధికంతా ఒకే కుళాయి అని, పెళ్ళయ్యాక ప్రభుత్వ ఫ్లాటు వచ్చిందని చెప్పారు. తాళం చేతికిచ్చిన రోజు వాళ్ళమ్మ వంటింట్లో కుళాయి తిప్పి, కట్టేసి, మళ్ళీ తిప్పి చూసిందట. అది చెబుతున్నప్పుడే ఆయనకు కన్నీళ్ళు వచ్చాయి. కాసేపటికి, నేను అడగకుండానే ఇంకో సంగతి చెప్పారు. యూనియన్‌లో తిరిగే ఆయన స్నేహితుణ్ణి 1963 ఫిబ్రవరిలో పోలీసులు పట్టుకెళ్ళారు. ఆ ఒక్క ఊపులో వంద మందికి పైగా వామపక్షాల వాళ్ళను విచారణ లేకుండా లోపల వేశారు. "ఆ కోపం నాకింకా తీరలేదు. ఇల్లిచ్చింది కూడా ఈయనే. రెండూ జరిగినవే కదా తంబీ" అన్నారు.

లోపల శవపేటిక ముందు నిలబడనిచ్చేది కొద్ది క్షణాలే. ఆయన చెప్పులు విడిచి రెండు చేతులూ జోడించారు. ఆ మనిషిని ఎవరు తోలుకొచ్చారో ప్రశ్న అడిగినవారే చెప్పాలి.

శుక్రవారానికి వరుస పది గంటలు దాటింది, కొత్తవాళ్ళను రావద్దని అధికారులే బతిమాలారు. మొత్తం నాలుగున్నర లక్షల మంది చూసి వెళ్ళారు. అప్పటి జనాభా 55 లక్షలు. ఆదివారం 29న కుండపోత వానలో అంతిమయాత్ర 15 కిలోమీటర్లు సాగింది, దారి పొడవునా జనమే. మన ప్రధాని కూడా వచ్చారు, భారతదేశం ఆ రోజు సంతాపం పాటించింది.

భయం ఉన్న దేశంలో దుఃఖాన్ని ఎలా నమ్ముతాం అంటారు. భయం ఉన్నమాట నిజమే. చియా థై పో అనే ప్రతిపక్ష నాయకుణ్ణి 1966లో పట్టుకుని, విచారణే లేకుండా 1989 దాకా నిర్బంధించారు. ఆయన మీద ఆంక్షలన్నీ పోయేసరికి 1998 వచ్చింది. లీని తిడుతూ వీడియో పెట్టిన పదహారేళ్ళ కుర్రాణ్ణి సరిగ్గా అంత్యక్రియల రోజే అరెస్టు చేశారు. అది అన్యాయం, నేనైతే ఎవరి ముందైనా అదే అంటాను. కానీ భయపడినవాడు నోరు మూసుకుని ఇంట్లో కూర్చుంటాడు. ఆ వరుసలో హాజరు పట్టీ లేదు. నాతో వచ్చిన కుర్రాడిది జగిత్యాల వైపు. పర్మిటు మీద వచ్చిన కూలీ, ఊళ్ళో ఏజెంటుకు కట్టిన అప్పు ఇంకా తీరలేదు. అతను ఎన్ని ఫ్లాట్లు కట్టినా అందులో ఒక్కటీ అతనికి రాదు, భార్యాబిడ్డలను తెచ్చుకునే వీలూ లేదు. అయినా వచ్చాడు. ఎందుకు వచ్చావని అడిగితే, "ఇంత పెద్ద ఊరు కట్టించిన మనిషిని చూడాలి కద సార్" అన్నాడు.

మరి మన దగ్గర? నాయకుడు పోయాడన్న కబురు టీవీలో రాగానే మోటారు సైకిళ్ళ మీద పదిమంది బయలుదేరతారు, షట్టర్లు దించమంటూ. ఒకసారి మా మేనమామ టిఫిన్ సెంటర్‌లో ఇడ్లీలు ఆవిరి మీద ఉండగానే పొయ్యి ఆర్పించారు, అడ్డం మాట్లాడినందుకు అద్దం పగలగొట్టారు. ఆ నష్టం ఎవరూ కట్టలేదు. డయాలసిస్‌కు వెళ్ళాల్సిన వాళ్ళు బస్సుల్లేక బస్టాండులో కూర్చుంటారు. రెండో రోజుకు ఫ్లెక్సీలు లేస్తాయి, వాటిలో పోయిన మనిషి బొమ్మ కంటే సంతాపం తెలిపే చోటా నాయకుడి బొమ్మ పెద్దది. ఇదంతా చూసి పెరిగినవారికి ఏ దేశంలో ఏ కన్నీరు చూసినా నాటకంలాగే కనిపిస్తుంది.

అలాగని మనవాళ్ళకు ఏడవడం రాదని కాదు. 1964 మేలో నెహ్రూ పోయినప్పుడు మా తాతయ్య రేడియోలో వార్త విని ఆ పూట అన్నం ముట్టలేదని నాయనమ్మ చెప్పేది. ఆయన ఏ పార్టీ మనిషీ కాదు, ఢిల్లీ మొహం చూసి ఎరుగడు. అలాంటివాళ్ళు ఇప్పటికీ ప్రతి ఊళ్ళోనూ ఉన్నారు. వాళ్ళ దుఃఖాన్ని కూడా అనుమానించేలా చేస్తున్నది ఈ షట్టర్లు దించించేవాళ్ళే. ఏ పార్టీవారైనా సరే, ఇంకెప్పుడైనా అలాంటి రోజు వస్తే ముందుగా మీ కుర్రాళ్ళను ఆపండి. దుకాణం మూయాలో వద్దో దుకాణందారు చూసుకుంటాడు.