ఘన బహుపదిలో ఏ సంఖ్య పెట్టి చూడాలో లెక్కే చెబుతుంది

"మా వాడు తొమ్మిదో తరగతి. ఘన బహుపదిని కారణాంకాలుగా విడగొట్టమంటే మొదట ఏ సంఖ్య పెట్టి చూడాలో తెలీక ఆగిపోతున్నాడు, షార్ట్‌కట్ ఉందా?" అని అడిగారు. షార్ట్‌కట్ జోలికి పోకండి, దయచేసి.

తిరుపతి బైరాగిపట్టెడలో మా ఇంట్లోనే సాయంత్రాలు పిల్లలకు లెక్కలు చెబుతుంటాను. పోయిన వేసవిలో మా అక్క కూతురు చిత్తూరు నుంచి వచ్చింది. 2య³ − 3య² − 11య + 6 ఇచ్చాను (ఎక్స్ బదులు య అని టైప్ చేస్తున్నా). ఏ సంఖ్య పెడితే సున్నా వస్తుందో అది దొరికితే, య లోంచి ఆ సంఖ్య తీసేసినది ఒక కారణాంకం. 1 పెట్టింది, −6 వచ్చింది. 2 పెడితే −12. "దూరం పోతా ఉంది మామా" అని −1 పెట్టింది, 12 వచ్చింది. పెన్ను పక్కన పడేసింది.

సున్నాకు సమానం చేసి ఆ 6ను అవతలికి పంపమన్నాను. మిగిలినదాంట్లో య ఉమ్మడిగా తీస్తే య(2య² − 3య − 11) = −6. య పూర్ణాంకమైతే బ్రాకెట్లోదీ పూర్ణాంకమే కదా, రెండూ గుణిస్తే −6 రావాలంటే య ఏమై ఉండాలి అని అడిగాను. కాసేపు కాగితం వైపే చూసి, "6ను భాగించేదే కావాల. అయితే 4, 5 పెట్టే పనే లేదు మామా!" అంది. 3 పెట్టింది: 54 − 27 − 33 + 6, సున్నా. (య − 3)తో భాగిస్తే 2య² + 3య − 2, అంటే (2య − 1)(య + 2). మూలాలు, అంటే పెడితే సున్నా వచ్చే సంఖ్యలు, 3, ½, −2. ఆ ½ కూడా ఊరికే రాలేదు. గుణకాలు పూర్ణాంకాలైతే, కుదించి రాసిన భిన్న మూలంలో హారం మొదటి గుణకాన్ని, ఇక్కడ 2ను, భాగించి తీరాలి.

ఈ ఒక్క వరుస చూపించడానికి ఐదు నిమిషాలు చాలు. అయినా చాలాచోట్ల "1, −1, 2, −2 పెట్టుకుంటూ పో" అనే చెబుతారు. ఆప్షన్లు పెట్టి చూసే ఈఏపీసెట్ అలవాటు తొమ్మిదో తరగతికే దిగిపోయింది. నాకు ఒళ్లు మండేది అక్కడే.

ఇంకోటి, మూలాలు లేకపోతే కారణాంకాలు ఉండవని పిల్లలు నమ్మేస్తున్నారు. య⁴ + 4 చూడండి. ఏ వాస్తవ సంఖ్య పెట్టినా 4కు తగ్గదు. కానీ 4య² కలిపి, మళ్లీ తీసేస్తే (య² + 2)² − (2య)² అవుతుంది, అంటే (య² + 2య + 2)(య² − 2య + 2). మీ వాణ్ణి ఆ రెండు బ్రాకెట్లూ తన చేత్తోనే గుణించమనండి, మధ్య పదాలన్నీ కొట్టుకుపోయి య⁴, 4 మాత్రమే మిగులుతాయి.