ఒక్క మాట పట్టుకుని రాయి

తమ్ముడూ,

నీ స్క్రిప్టు చదివాను. రాజ్యాంగ సభ మీద సీరియల్ రాయాలన్న పట్టుదల నాకు చాలా నచ్చింది. చిక్కల్లా ఒకటే: ఎవరు నోరు విప్పినా ఉపన్యాసమే. సభ 165 రోజులు కూర్చుంది, 7,635 సవరణలకు నోటీసులొచ్చాయి. అదంతా తెర మీదికి ఎక్కదు. ఎపిసోడ్‌కు ఒక్క మాట పట్టుకో.

'డ్యూ ప్రాసెస్' తీసుకో, అంటే న్యాయమైన ప్రక్రియ. మనిషిని జైల్లో పెట్టిన చట్టమే అన్యాయమని కోర్టు అనొచ్చా? లేక ఆ చట్టంలో రాసిన పద్ధతి పాటించారా లేదా అన్నంతవరకే చూడాలా? సభకు రాజ్యాంగ సలహాదారు బి.ఎన్. రావు అమెరికాలో అక్కడి సుప్రీంకోర్టు జడ్జి ఫ్రాంక్‌ఫర్టర్‌ను కలిశాక ఆ మాట మీద ఆయనకు అనుమానం బలపడింది. ముసాయిదాలో దాని చోట 'చట్టం ఏర్పరచిన పద్ధతి' చేరింది, అంటే కోర్టు చూడాల్సింది పద్ధతి వరకే. 1948 డిసెంబర్‌లో కె.ఎం. మున్షీ పాత మాటే కావాలన్నారు. మన నెల్లూరు జిల్లాలో పుట్టిన అల్లాడి కృష్ణస్వామి అయ్యర్ కొత్తదాన్ని సమర్థించారు. ఇద్దరూ ఒకే డ్రాఫ్టింగ్ కమిటీ సభ్యులు! నీ కథకు ఇంతకన్నా ఏం కావాలి?

అల్లాడిని మాత్రం విలన్ చెయ్యకు. అమెరికాలో రొట్టెల కార్మికుల పనిగంటలకు హద్దు పెట్టిన చట్టాన్ని 1905లో సుప్రీంకోర్టు ఆ మాట ఆసరాతోనే కొట్టేసింది. ఇక్కడా సంఘ సంస్కరణ చట్టాలకు జడ్జీలు అడ్డుపడతారేమోనన్నది ఆయన భయం. ఆ భయం ప్రేక్షకుడికి న్యాయమేననిపించాలి, మున్షీ వాదన విన్నప్పుడు అదీ న్యాయమేననిపించాలి. అప్పుడే డిసెంబర్ 13న అంబేడ్కర్ రెండు వాదనలూ వివరించి, తీర్పు సభకే వదిలెయ్యడంలో బరువు తెలుస్తుంది. 'డ్యూ ప్రాసెస్' తిరిగి తేవాలన్న సవరణలు ఓడిపోయాయి. 1949 సెప్టెంబర్‌లో ఆయనే 15ఏ అధికరణం తెచ్చారు: అరెస్టయినవాడికి కారణం చెప్పాలి, 24 గంటల్లో మేజిస్ట్రేటు ముందుంచాలి. ముందస్తు నిర్బంధానికి చోటిచ్చిందీ అదే అధికరణం. ఎపిసోడ్ అక్కడ ఆపు.

రెండు తప్పులు వెంటనే దిద్దు. ఈ వాదనంతా నడిచిన ప్రాణ, వ్యక్తిస్వేచ్ఛల అధికరణాన్ని నీ పాత్రలు 'ఆర్టికల్ 21' అంటున్నాయి. అప్పటికి అది 15. అంటరానితనం నిషేధం కూడా 17 కాదు, 11. ముసాయిదా నంబర్లే వాడు. ఇక ఆ డిసెంబర్ సీన్లలో అధ్యక్ష స్థానంలో రాజేంద్రప్రసాద్‌ను కూర్చోబెట్టావు. అప్పుడు సభ నడిపింది ఉపాధ్యక్షుడు హెచ్.సి. ముఖర్జీ.

ఏ ప్రసంగమూ నిమిషంన్నర దాటకూడదు. మున్షీ మాట్లాడుతుంటే కెమెరా అల్లాడి ముఖం మీద ఉండాలని స్క్రిప్టులోనే రాయి. డైలాగుల్లో గ్రాంథికం వద్దు; లాయర్లు వరండాలో వాదించుకునే తెలుగు చాలు. ముందు ఆ ఒక్క సీను తిరగరాసి పంపు.

ఆశీస్సులతో,
అన్నయ్య