పురుగుకాటు మానాక మిగిలేది: కొత్త కోడర్‌కు ఒక లేఖ

చిరంజీవి అమ్మాయికి,

పెద్దమ్మ ఆశీస్సులు. అమెరికా ఆసుపత్రుల గాయాల చార్టులను, అంటే రోగి రికార్డులను, కోడ్‌లుగా మార్చే పని నీ చేతికి వచ్చిందని, పురుగుకాటు కేసుల్లో కోడ్ చివర చికిత్స దశను చెప్పే ఏడో అక్షరం దగ్గర ఆగిపోతున్నానని రాశావు. ఆగడం మంచిదే. చాలామంది ఆగకుండా తేదీ చూసి ‘ఎస్’, అంటే సీక్వెలా (గాయం మానాక మిగిలే ఇబ్బంది), పెట్టేస్తారు. కుట్టి నెలలు గడిచాయి కాబట్టి ఇది సీక్వెలాయే అనుకుంటారు. తేదీకీ దానికీ సంబంధం లేదు. అమెరికాలో జబ్బులకు, గాయాలకు వాడే కోడ్‌ల జాబితా ఐసీడీ-10-సీఎం. దాని మార్గదర్శకాలు సీక్వెలాకు గడువేదీ పెట్టలేదు. ఒకరికి కొద్ది వారాల్లోనే మచ్చ మిగలవచ్చు, మరొకరికి ఏళ్ల తర్వాత ఇబ్బంది బయటపడవచ్చు.

నువ్వు వెతకవలసింది వేరు. కాటు దశ ముగిసిందా? ఇప్పుడు రోగిని బాధిస్తున్నది ఏమిటి? ఆ బాధకు అప్పటి కాటే కారణమని డాక్టరు రాశారా? మొదటి రెండూ చార్టులో సులువుగానే దొరుకుతాయి. మూడోదాన్ని మాత్రం కోడర్లు తమంతట తామే ఊహించుకుంటారు. అది మన పని కాదమ్మా. చార్టులో ఒకచోట ‘పురుగుకాటు’ అని, ఇంకోచోట ‘మచ్చ’ అని ఉన్నంత మాత్రాన రెంటినీ కలిపే హక్కు మనకు లేదు.

ఒక చార్టు ఊహించుకో. కుడి మోకాలి కింద దోమకాట్లు. గోకడం వల్ల పుండ్లు పడ్డాయి, మానాయి, నల్లమచ్చలు మిగిలాయి. ‘పూర్వపు పురుగుకాట్ల వల్ల పోస్ట్ ఇన్‌ఫ్లమేటరీ హైపర్‌పిగ్మెంటేషన్’ అని, అంటే ఆ నల్లమచ్చలకు అప్పటి కాట్లే కారణమని, డాక్టరు స్పష్టంగా రాశారు. ముందు రావలసింది మచ్చ కోడ్, ఎల్81.0. ఆ తర్వాతే కాటు కోడ్, ఎస్80.861ఎస్. కొత్తవాళ్లు ఎక్కువగా తడబడేది ఈ వరుసలోనే. కాటు ముందు జరిగింది కాబట్టి దాని కోడే ముందు పెడతారు. కానీ రోగి ఈరోజు వచ్చింది మచ్చ కోసం, చికిత్స జరిగింది మచ్చకు. చివరి ‘ఎస్’ కూడా గాయం కోడ్‌కే తగులుతుంది, మచ్చ కోడ్‌కు కాదు.

గాయం దేనివల్ల అయిందో చెప్పే బయటి కారణం కోడ్ కూడా వేస్తున్నట్లయితే అది చివర్న వస్తుంది: డబ్ల్యూ57.ఎక్స్ఎక్స్ఎక్స్ఎస్. ఆ మూడు ఎక్స్‌లు ఎందుకో చూడు. డబ్ల్యూ57లో ఉన్నవి మూడే స్థానాలు, మన ‘ఎస్’ కూర్చోవలసింది ఏడో స్థానంలో. మధ్య ఖాళీలు నింపకపోతే కోడ్ చెల్లదు, బీమా క్లెయిము తిరిగి వస్తుంది. ఎస్80.861లో ఆరు స్థానాలూ నిండే ఉన్నాయి కాబట్టి అక్కడ ఎక్స్ అక్కర్లేదు. ఎక్కడ కుట్టింది, ఆ సమయంలో ఏం చేస్తున్నారు అని చెప్పే వై92, వై93 కోడ్‌లు తొలి చికిత్సప్పుడే వేస్తారు. సీక్వెలా చార్టులో వాటి జోలికి పోకు.

మచ్చల్లో తేడాలున్నాయి. మామూలు మచ్చకు ఎల్90.5, హైపర్‌ట్రోఫిక్ మచ్చకు, కీలాయిడ్‌కు (గాయం హద్దు దాటి పెరిగే మచ్చ) ఎల్91.0. ‘ఉబ్బెత్తు మచ్చ’ అని మాత్రమే ఉంటే దాన్ని నువ్వు కీలాయిడ్ చేయకు. కుడి, ఎడమ కూడా అంతే శ్రద్ధగా చూడు. ఏ వైపో తెలియదని చెప్పే ఎస్80.869 జాబితా చివర్న ఉంది కదా అని తొందరపడవద్దు, పరీక్ష నోట్సు ఒకసారి పూర్తిగా చదివితే చాలాసార్లు వైపు దొరుకుతుంది.

కాటు దగ్గర చీము పట్టి కాలు వాచి వచ్చినవాళ్లది సీక్వెలా కాదు. అది ఇప్పుడు నడుస్తున్న జబ్బు. కుడి కాలి సెల్యులైటిస్‌కు (చర్మం లోపలి ఇన్‌ఫెక్షన్) ఎల్03.115, చురుకుగా చికిత్స చేస్తున్న కాటు కోడ్‌కు ఏడో అక్షరం ‘ఎ’. చికిత్స ముగిసి, పుండు మానుతూ ఉండగా చూపించుకోవడానికి వస్తే ‘డి’.

విషం ఉన్న కీటకాలైతే దారి మారిపోతుంది. తేనెటీగ, కందిరీగ కుట్టినవి టీ63లోకి వెళ్తాయి. ప్రమాదవశాత్తు తేనెటీగ కుట్టి మచ్చ మిగిలితే మచ్చ కోడ్ తర్వాత టీ63.441ఎస్. కారణం ఆ కోడ్‌లోనే ఉంది కాబట్టి డబ్ల్యూ57 అవసరం లేదు. సాలీడు విషయంలో మరింత జాగ్రత్త. ‘సాలీడు కరిచిందని రోగి చెబుతున్నారు’ అన్న వాక్యం చూసి బ్రౌన్ రెక్లూజ్ అనే విషపు సాలీడు కోడ్‌కు పరుగెత్తకు. డాక్టరు ఆ సాలీడు పేరు నిర్ధారణగా రాస్తేనే టీ63.33 వైపు చూడు.

ఒకప్పుడు తేనెటీగ కుట్టి, అప్పటి నుంచి అలర్జీ ఉన్నవాళ్లకు సీక్వెలా పెట్టడం నేను చాలాసార్లు చూశాను. దానికి వేరే చోటుంది, తేనెటీగ అలర్జీ ఉందని చెప్పే జడ్91.030. అలాగే దోమల ద్వారా సోకిన వైరల్ మెదడువాపు తగ్గిపోయి మూర్ఛ మిగిలితే మూర్ఛ కోడ్ ముందు, తర్వాత వైరల్ మెదడువాపు సీక్వెలా కోడ్ బీ94.1. అక్కడ బాధ పెట్టింది కాటు కాదు, అది మోసుకొచ్చిన వైరస్. అందుకే పురుగుకాటు కోడ్ రాదు.

ఇక డాక్టరుకు క్వెరీ, అంటే చార్టులోని సందేహం అడిగే చీటీ, పంపే సంగతి. ‘ఈ మచ్చ పురుగుకాటు వల్లనే కదా?’ అని రాయకు, అది జవాబు నోట్లో పెట్టినట్లు. చార్టులో ఉన్న విషయాలు తేదీలతో చూపించి, మచ్చకు కారణం ఏమిటో చెప్పమని అడుగు. కాటు వల్ల, వేరే కారణం వల్ల, నిర్ధారించలేము అనే మూడు వీలులూ ఆ చీటీలో ఉంచు. జవాబు రాలేదని విసుక్కుని సొంతంగా కలిపేయకు. అప్పటి దాకా మచ్చ కోడ్ ఒక్కటే వేయి. ఏటా అక్టోబరు 1న కొత్త కోడ్‌లు అమల్లోకి వస్తాయి కాబట్టి, ఇక్కడ రాసినవాటిని కూడా చార్టు తేదీకి వర్తించే జాబితాతో సరిచూసుకుని వాడు.

నీ పెద్దమ్మ