దుర్యోధనుడి ఇంట్లో కెమెరా

తిరుపతి

తమ్ముడూ,

నీ స్క్రిప్టు రెండుసార్లు చదివాను. మన చిత్తూరు వైపు భారతాల్లో దుర్యోధన వేషం కట్టే పెద్దాయన మీద డాక్యుమెంటరీకి రాస్తున్నావంటే నాకు చాలా సంతోషంగా ఉంది. ద్రౌపదమ్మ గుడి దగ్గర 18 రోజుల ఉత్సవం, పగలు హరికథ, రాత్రి నాటకం, చివర్న నేల మీద పడుకోబెట్టిన మట్టి దుర్యోధనుడు, అన్నీ బాగా వచ్చాయి. వాటి జోలికి పోను.

ఒక్క వాక్యం దగ్గర ఆగిపోయాను. "రంగు కడిగేశాక అసలు మనిషి బయటపడతాడు" అని రాశావు. అది కొట్టెయ్. ఆయన జీవితమంతా జనం ఎదుట నిలబడ్డవాడు. లుంగీతో అరుగు మీద కూర్చున్నా, కెమెరా తనవైపు తిరగ్గానే గొంతు సవరించుకుంటాడు, వెన్ను నిటారుగా పెడతాడు. దాన్ని అబద్ధమని ఎలా అంటాం? తాను తానుగా కనపడటం కూడా ఆయనకు ఒక వేషమే. అదెలా కట్టుకోవాలో ఆయన్నే తేల్చుకోనీ.

నాకిది దెబ్బ తగిలాకే తెలిసింది. చాలా ఏళ్ల కింద ఒక చిన్న సినిమాకు ప్రశ్నలు నేనే రాసిచ్చాను. ద్రౌపది వేషం కట్టే ఒకాయన్ని అప్పుల గురించి అడిగించాను. ఆయన ఏడ్చాడు. ఆ షాట్ ఉంచేశాం. తర్వాత వాళ్ల ఊళ్లోనే తెల్లగుడ్డ కట్టి సినిమా వేస్తే, ఆ చోటు రాగానే ఆయన భుజమ్మీది తువ్వాలు చేతిలోకి తీసుకుని చీకట్లోకి లేచి వెళ్లిపోయాడు. అంతకుముందు ఆయన పాడిన పద్యం ఎవరికీ గుర్తులేదు. చేతులు పట్టుకుని క్షమించమన్నాను గానీ, సినిమాలో ఆ ఏడుపు అలాగే ఉండిపోయింది.

1961లో వచ్చిన ఒక ఫ్రెంచి డాక్యుమెంటరీలో జాన్ రూష్, ఎడ్గార్ మోరిన్ తాము తీసినదాన్ని అందులో కనిపించిన మనుషులకే వేసి చూపించారు. వాళ్ల వాదులాటను కూడా సినిమాలో పెట్టారు. మీరూ ఎడిటింగ్ పూర్తికాకముందే ల్యాప్‌టాప్ తీసుకెళ్లి ఆ అరుగు మీద పెట్టండి. పెద్దాయన వద్దన్న ముక్క తీసెయ్యాలి. డైరెక్టర్ ఒప్పుకోకపోతే నువ్వు పట్టుబట్టు.

చొక్కాకు తగిలించే చిన్న మైకు సంగతి కూడా చూసుకో. ఆయన లోపలికెళ్లి ఇంటావిడతో మాట్లాడేది మీ చెవుల్లో పడుతుంది. లేవగానే తీసెయ్యండి. షూటింగ్ రోజు ఆయనకు కూలి పోతుంది కదా, ఆ డబ్బు ముందే మాట్లాడి ఇవ్వండి.

అన్నిటికన్నా నాకు నచ్చింది మూడో పేజీ. భుజకీర్తుల తాడు కడుతున్న మనవడితో "ఇంకొంచెం లాగు నాయనా, ఊపిరాడేంత మాత్రం ఉంచు" అన్నాడే, సరిగ్గా అక్కడ నువ్వు నాలుగు లైన్ల వాయిస్ ఓవర్ పెట్టావు. నాలుగూ తీసెయ్. తాడు బిగిసే చప్పుడు, ఆయన మాట వినపడితే చాలు.

అరుగు మీద సినిమా చూసిన రోజు ఆయన ఏమన్నాడో నాకు తప్పకుండా రాయి.

మీ అన్న